నలభై ఒక్కసార్లు చనిపోయిన సెలామి గారితో బొగ్గుబావి దాకా

బొగ్గుబావుల కాలనీలు చూడటానికి ఎవరూ ప్రయాణం కట్టరు. గుళ్ళకు వెళ్తారు, జలపాతాలకు వెళ్తారు, తిరిగొచ్చి ఫోన్లో ఫోటోలు చూపించి మన ప్రాణం తీస్తారు. నేను ఆ కాలనీలోనే పుట్టాను. కరీంనగర్‌కు కోడలిగా వచ్చి, ఇక్కడే డిగ్రీ కాలేజీలో ఇంగ్లీషు పాఠాలు చెప్పుకుంటూ పాతికేళ్ళు దాటించాను. పెళ్ళికో చావుకో తప్ప అటు పోయింది లేదు. మొన్న పోయింది మాత్రం టర్కీ నుంచి వచ్చిన ఒక ముసలి నటుడి పుణ్యాన.

హైదరాబాదులో సినిమా పనులు చేసుకునే నా పాత విద్యార్థిని స్వప్న ఫోన్ చేసింది. "మేడం, సినిమా పండుగకని టర్కీకెల్లి ఒక పెద్దాయన వచ్చిండు. నటుడు, కథలు గూడ రాస్తడు. పండుగైపోయింది గానీ వాపస్ పోతలేడు. బొగ్గుబాయిల రిటైరైనోళ్ళను బ్యాండు పెట్టి ఇంటికి తోలుకస్తరని నేను నోరు జారిన. అది సూడందే కదలనంటుండు. మీ అన్న గీ నెలాఖరుకు రిటైరైతుండన్నరు గదా."

"నేను గైడును కాదు," అన్నాను.

"మీ నోరంటే నాకు ఇప్పటికీ భయమే మేడం. కానీ ఆయన ఇంగ్లీషు మీ అసుంటోళ్ళకే సమజైతది."

పొగడ్తో తిట్టో తేల్చుకునే లోపల ఒప్పేసుకున్నాను.

కరీంనగర్: చాయ్ దగ్గర తిట్లు

సెలామి గారికి అరవై ఏడేళ్ళు. తాటిచెట్టంత పొడుగు, తెల్ల మీసం, ఎప్పుడూ ఎవరికో క్షమాపణ చెప్పబోతున్నట్టు ఉండే ముఖం. బస్టాండు దగ్గరి హోటల్లో చాయ్ చెప్పాను. వాళ్ళ దేశంలో చాయ్‌లో పాలు పోయరట. నడుం సన్నని చిన్న గాజు గ్లాసులో ఎర్రగా వస్తుందట. పది రూపాయల మన చాయ్‌ను అనుమానంగా చూసి, ఒక గుక్క తాగి, "ఇది చాయ్ కాదు, భోజనం," అన్నాడు. ఆ భోజనాన్ని మూడుసార్లు చేశాడు.

ఎందుకొచ్చాడో అక్కడే చెప్పాడు. ఆయన ఒక గని కార్మికుడి కథ రాశాడు, ఆ పాత్ర తానే వేస్తున్నాడు. బహుశా చివరి సినిమా. అంతా రాసుకున్నాడు గాని చివరి సీను రాలేదు. పాత రాతలో గని కూలి కార్మికుడు చనిపోతాడు. నిర్మాతకు అదే ఇష్టం. కానీ ఈసారి ఆ మనిషి బతికి, పని ముగించుకుని, ఇంటికి పోవాలని సెలామి గారి పట్టు. ఆయన ఇస్తాంబుల్‌లో దిగే రోజుకు ఆ సీను చేతిలో లేకపోతే పాత ముగింపే తీస్తారు.

"ఇంటికి పోయాడు అని రాయండి. రెండు ముక్కలు," అన్నాను.

"రెండేళ్ళుగా ఆ రెండు ముక్కలే రాస్తున్నాను. అబద్ధంలా ఉంటోంది."

ఆ మాట పూర్తికాకముందే పక్క బల్ల దగ్గర కోడలితో కూర్చున్న ఒక ముసలామె లేచి వచ్చింది. బురఖా ముసుగు వెనక్కి తోసి ఆయన ముఖంలోకి తేరిపార చూసింది.

"ఏమయ్యా, నీకు శరం లేదా? తల్లి లేదు, తండ్రి లేడు, సొంత అన్న బిడ్డ. ఆస్తి కోసం గంత వానల పిల్లను ఇంట్లకెల్లి ఎల్లగొడ్తవా?"

నేను బిత్తరపోయాను. కోడలు ఆమె చెయ్యి పట్టుకుని గుంజుతూ నాకు చెప్పింది: వాళ్ళు ఫోన్లో చూసే టర్కీ సీరియల్లో దుర్మార్గుడైన చిన్నాన్న ఈయనే. అనువదించి చెప్పాను. సెలామి గారు లేచి నిలబడి గుండె మీద చెయ్యి పెట్టుకున్నాడు.

"సిగ్గుగానే ఉందని చెప్పండి. మా ఇంటి పైకప్పు కారుతోంది, అందుకే ఆ వేషం ఒప్పుకున్నాను. ఆ సీను రాసింది కూడా నేనే. అది మాత్రం చెప్పకండి."

చెప్పొద్దన్నది చెప్పడం నాకున్న జబ్బు. చెప్పేశాను.

ముసలామె కోపం చప్పున దిగింది. "రాసింది గూడ గీయినేనా? అట్లయితే ఫికర్ లేదు. జర పిల్లను మల్ల ఇంట్లకు తెచ్చెతట్టు రాయమను. చిన్న పనే గదా, కలం ఆయన చేతులనే ఉండె."

ఆ అమ్మాయిని ఇంటికి తెచ్చే భాగం ఎప్పుడో రాశాననీ, అది ఇంకా మన దగ్గరికి రాలేదనీ ఆయన ఒట్టేసి చెప్పాడు. ఆమె ఒక ప్లేటు బిస్కెట్లు ఆయన ముందు పెట్టించి, దీవించి పోయింది. సెలామి గారు మాత్రం బిస్కెట్ చాయ్‌లో ముంచి అలాగే పట్టుకుని కూర్చున్నాడు. అది విరిగి గ్లాసులో పడింది.

మెట్‌పల్లి: పసుపు ఉడికే చోట

సూటిగా పోతే మధ్యాహ్నానికల్లా చేరేవాళ్ళం. కానీ దారిలో ఏది కనబడినా దిగుతానంటే కారెక్కడ నడుస్తుంది? డ్రైవర్ కొమురయ్య మొదటి గంట గొణిగాడు, తర్వాత తనే "సారుకు గది సూపెడ్దాం, గిది సూపెడ్దాం," అంటూ బండిని మెట్‌పల్లి వైపు తిప్పాడు.

చేలల్లో పసుపు తవ్వి ఉడికిస్తున్నారు. ఆవిరి లేచిన చోటల్లా మట్టివాసన, కొంచెం మందువాసన. కొమ్ములు ఆరబోసిన పట్టాల మీద పడకుండా నడవబోయి సెలామి గారు నేరుగా వాటి మధ్యలోకే నడిచాడు. బూట్లు పచ్చబడ్డాయి. చేను గల రైతు మల్లవ్వ నడుముకు చీర బిగించి కొమ్ములు తిరగేస్తోంది. కసిరిందేమీ లేదు గాని, కింది నుంచి పైదాకా చూసింది.

"గీయిన ఏం పని జేస్తడు?"

"సినిమాలల్ల సచ్చిపోతుంటడు," అన్నాను.

"గదానికి పైసలిస్తరా?"

"ఇస్తరట."

"మంచి పనే. మేం ఊకెనే సస్తున్నం."

ఇది అనువదించగానే సెలామి గారు నవ్వి నవ్వి అక్కడే గట్టు మీద కూర్చుండిపోయాడు. మల్లవ్వ ఆయనకు మజ్జిగ తెచ్చింది. ఆ గట్టు మీదే ఆయన బతుకుకథ చెప్పాడు. నేను ఆమెకు తెలుగులో చెప్తూ వచ్చాను. ఆమె చేతులు ఆపకుండా విన్నది.

నల్ల సముద్రం ఒడ్డున బొగ్గు పట్నం. తొమ్మిదేళ్ళప్పుడు తండ్రి గనిలో పోయాడు. తల్లి సినిమా హాలు ఊడ్చే పనికి కుదిరింది, కొడుకు అక్కడే పెరిగాడు. పందొమ్మిదో ఏట ఇస్తాంబుల్ బస్సెక్కాడు. మొదటి వేషం శవం. ఊపిరి బిగబట్టి కదలకుండా పడుకోవడంలో ఈయన్ని మించినవాడు లేడని తేలింది. కాలవలో పడి, గుర్రం మీంచి పడి, నాయకుడి తుపాకీకి గురై వరసగా చనిపోతూ పోయాడు.  తర్వాత టీవీలొచ్చి సినిమాలు పడిపోయాయి, చావడానికి కూడా వేషాల్లేవు. రేవు దగ్గర మేజోళ్ళు అమ్మాడు. మళ్ళీ పిలుపు వచ్చినప్పుడు, చచ్చేముందు చెప్పమన్న మాటలు మరీ చెత్తగా ఉన్నాయని సిగరెట్ పెట్టె మీద వేరేవి రాసిచ్చాడు. దర్శకుడు చదివి, రేపటి సీను కూడా నువ్వే రాయి అన్నాడు. రచయిత అయింది అలా. గని కార్మికుల మీద మూడు సినిమాలు రాసి తనే నటించాడు. పేరొచ్చింది, బహుమతులొచ్చాయి. మూడింట్లోనూ తనే చచ్చిపోయాడు. అన్నీ కలిపి నలభై ఒక్క చావులు.

"ఇంట్ల ఆడామె ఏమంటది?" అని అడిగింది మల్లవ్వ. కాలేజీ చదువు చదివిన నాకు ఆ ప్రశ్న తట్టలేదు.

"నెర్మిన్ ప్రతి సినిమాకూ మొదటి ఆటకు వస్తుంది. నేను చావబోయే ముందు లేచి బయటికి పోయి చాయ్ తాగుతుంది. ఒక్కసారన్నా చివరిదాకా కూర్చుని చూడాలని ఉందంటుంది," అన్నాడాయన.

మల్లవ్వ గుప్పెడు పసుపుకొమ్ములు కాగితంలో చుట్టి ఇచ్చింది. ఆయన డబ్బులు తీయబోతే, "నీకు గాదు, ఆమెకు," అన్నది.

లక్సెట్టిపేట: గోదావరి ఒడ్డున గొడవ

రెండో రోజు రాయపట్నం వంతెన దాటి లక్సెట్టిపేట చేరాం. మా అవ్వాబాపుల పెళ్ళి ఇక్కడి మిషన్ చర్చిలోనే జరిగింది. మాది నాలుగు తరాల మెథడిస్టు కుటుంబం, దేవుడికి తప్ప ఎవరికీ లొంగదు అంటారు మా వాళ్ళు. దేవుడికి లొంగిన దాఖలా కూడా నేనైతే చూడలేదు. చర్చి చల్లగా ఉంది. సెలామి గారు తలుపు దగ్గర బూట్లు విప్పి, పచ్చబడ్డ మేజోళ్ళతో లోపలికొచ్చి చివరి బల్ల మీద చాలాసేపు కూర్చున్నాడు.

తర్వాత గోదావరి ఒడ్డుకు వెళ్ళాం. వేయించిన చేపముక్కలు, ఉల్లిగడ్డ, నిమ్మకాయ. వాళ్ళ సముద్రంలో దొరికే చిన్న చేపలు ఇంకా రుచిగా ఉంటాయన్నాడు. మన చేప తింటూ మరో చేపను పొగిడేవాళ్ళను నేను క్షమించను, అయినా ఊరుకున్నాను. మాట ఆయన తండ్రి మీదికి మళ్ళింది.

వాళ్ళ దగ్గర ఇంట్లోంచి ఎవరన్నా బయల్దేరితే వెనకాల ఒక చెంబు నీళ్ళు చల్లుతారట, నీళ్ళలా సాఫీగా పోయి సాఫీగా రావాలని. వాళ్ళమ్మ ప్రతి షిఫ్టుకూ చల్లేదట. ఆ రోజు కూడా చల్లింది. "మా వీధిలో పింఛను తీసుకున్న గని మనిషిని నేను చూడలేదు. చూడనిది ఎలా రాయను?" అన్నాడు.

అక్కడ ఆగాల్సింది నేను. ఆగలేదు.

"చూడలేదా, చూడదలుచుకోలేదా? మా బాపు ముప్పై ఏళ్ళు బొగ్గు తవ్వి రెండు కాళ్ళ మీద ఇంటికొచ్చాడు. పదకొండేళ్ళు బతికి, క్వార్టర్ వెనక కాకర పాదులు పెట్టాడు. ఒక్కడొచ్చి ఆయన కథ అడిగినవాడు లేడు. పక్కింటాయన బాయిలో పోతే పాట కట్టారు, స్తూపం లేపారు. తప్పనడం లేదు. కానీ చచ్చినవాడికి పాట, బతికినవాడికి కాకరకాయ, ఇదేం లెక్క? చంపడం సులువు సెలామి గారూ. చంపగానే జనం ఏడుస్తారు, మీరు కలం మూస్తారు. బతికించారనుకోండి, తెల్లారి ఆ మనిషి ఏం చేస్తాడో కనుక్కోవాలి. మీకు ఆ ఓపిక లేదు."

ఆయన చేపముక్క పళ్ళెంలో పెట్టేశాడు. ఏమీ అనలేదు. కారులో నా పక్కన కాకుండా ముందు సీట్లో కూర్చున్నాడు. కొమురయ్య అద్దంలోంచి నన్ను చూసి, "మేడం, పరాయి దేశపాయిన. జర సూసి తిట్టకపోయిండ్రా," అన్నాడు. నేను కిటికీలోంచి బయటికి చూశాను. అన్నది తప్పని నాకిప్పటికీ అనిపించదు. అన్న తీరు గురించి అడగకండి.

కాలనీ: బ్యాండు మేళం

కరీంనగర్‌లో మేముండే వీధిలో పక్కింట్లో ఎవరున్నారో కనుక్కోవాలంటే కరెంటు పోవాలి. కాలనీలో అలా కాదు. ఒకే అచ్చులో పోసిన క్వార్టర్లు, గోడకు గోడ. ఒక ఇంట్లో పోపు వేస్తే మూడిళ్ళలో తుమ్ముతారు. ఎక్కడెక్కడి నుంచో వచ్చినవాళ్ళు, నాలుగు భాషల వాళ్ళు. గని మాత్రం ఒక్కటే.

మా పెదబాపు కొడుకు దానియేలన్న ఆ రోజు ఆఖరి షిఫ్టులో ఉన్నాడు. ముప్పై ఆరేళ్ళ సర్వీసు. వదిన రూతమ్మ వాకిట్లో కూరగాయలు తరుగుతున్నది లేచి ఎదురొచ్చింది.

"ఏమే సుగుణ, దొరవారిని తోల్కచ్చినవా? ఇన్నేండ్లకు అన్న యాదికొచ్చిండా, సినిమాల పడ్దామనా?"

"నిన్ను హీరోయిన్‌గ అడుగుదామని వచ్చిన వదినె. నడుమును జూసి వాపస్ పోతరేమో."

అలా ఒకరి లెక్క ఒకరు తేల్చుకున్నాక లోపలికి పిలిచింది. సెలామి గారు ఎలాంటి సినిమాలు చేస్తాడో చెప్పి, స్వప్న పంపిన ఒకటి ఫోన్లో చూపించబోయాను. గని నటుడనగానే ఉత్సాహంగా వచ్చి కూర్చుంది. చివర్లో ఏమవుతుందని అడిగింది. చెప్పాను. లేచిపోయింది.

"గాయిన సచ్చే సినిమా నేను సూడ. ముప్పై ఆరేండ్లు పొద్దుగాల ఆరింటికెల్లి మూడింటి దాక గదే సినిమా నా కండ్ల ముంగట ఆడింది. సైరన్ కొంచెం ఎక్కువసేపు మోగితే సాలు, చేతుల గిన్నె కింద పడేది. మల్ల టికెట్ కొనుక్కొని సూడాల్నా?"

అక్షరం పొల్లుపోకుండా అనువదించాను. లక్సెట్టిపేట తర్వాత ఆయన నాతో మాట్లాడిన మొదటి మాట అదే: "నెర్మిన్ కూడా ఇలాగే కుర్చీ వదిలేసి బయటికి పోతుంది."

మూడు దాటాక గని దగ్గరికి వెళ్ళాం. దానియేలన్న మసి కడుక్కుని, తెల్ల చొక్కా వేసుకుని బయటికొచ్చాడు. బంతిపూల దండలు గడ్డం దాకా పడ్డాయి. వదినను తెచ్చి పక్కన నిలబెట్టారు. మా కాలేజీలో రిటైర్మెంటంటే ఒక మీటింగు, ఒక శాలువా, ఒక సమోసా. ఇక్కడ భార్యకు కూడా దండ వేస్తారు, ట్రాక్టరు ట్రాలీ మీద ఇద్దరికీ కుర్చీలు వేస్తారు, బ్యాండు ముందు దోస్తులు చిందులేస్తారు. ప్రతి ఇంటి ముందూ ఆపి బొట్టు పెట్టబోతే వదిన "మేం కిరస్తానోళ్ళం" అనడం, వాళ్ళు "అయితే ఏందక్కా, పువ్వన్న పెట్టుకో" అనడం. అలా నడిచింది ఊరేగింపు.

ఈ గోలలో నాకు సెలామి గారు కనబడలేదు. వెతికి చూస్తే ట్రాలీ మీదే ఉన్నాడు, దానియేలన్న పక్కన, మెడలో దండతో. తెల్ల మీసం, వయసూ చూసి ఈయన కూడా రిటైరయ్యాడనుకుని ఎవరో ఎక్కించేశారు. యూనియన్ పెద్దమనిషి మైకు పట్టుకుని, "గీ ఇద్దరు కార్మిక సోదరులు తమ నెత్తురును చెమటగ మార్చి..." అంటూ ఎత్తుకున్నాడు. శాలువాలు రెండే తెచ్చారు, అన్నకూ వదినకూ. వదిన వాటా శాలువా సెలామి గారి భుజాల మీదికి పోయింది.

నేను ట్రాలీ పట్టుకుని నడుస్తూ అరిచాను. "అన్నా, దింపుర్రి, గాయిన సినిమాయిన."

దానియేలన్న వంగి, బ్యాండు మోతలో నా చెవి దగ్గర అన్నాడు: "నాకు తెల్వదా చెల్లె? ఉండనియ్. గాయిన బాపు బాయిల పోయిండని ఫోన్ల చెప్పినవ్ గదా. గా బాపుకు ఎవ్వలు దండ ఎయ్యకపాయె. గాయిన దిక్కు కొడుకు ఏసుకున్నడనుకో."

ఇంటికి చేరాక ఆ మాట సెలామి గారికి చెప్పాను. ఆయన శాలువా విప్పి నాలుగు మడతలు పెట్టి వదిన చేతికిచ్చాడు. దండ మాత్రం ఇవ్వలేదు. చర్చి పాస్టరు ప్రార్థన చేస్తున్నంతసేపూ, మటన్ కూరతో అన్నం తింటున్నంతసేపూ అది మెడలోనే ఉంది.

"మంచి సీను దొరికింది కదా," అన్నాను రాజీకి వస్తూ.

"పండుగ బాగుంది. కానీ ఇది ముగింపు కాదు. మీరే అన్నారుగా, తెల్లారి ఆ మనిషి ఏం చేస్తాడు?"

తెల్లారి: గేటు ఎదుట

తెల్లారి ఆరు దాటగానే ఫోన్ మోగింది. పక్క వీధిలో ఖాళీగా ఉన్న క్వార్టర్లో పడుకున్న సెలామి గారు. వాకింగ్‌కు పోయాడట.

"మీ అన్న పనికి వెళ్తున్నాడు. నేను వెనకాలే నడుస్తున్నాను."

"ఏ పనికి? నిన్ననే రిటైరయ్యాడు."

"చేతిలో అన్నం క్యారేజీ ఉంది."

వంటింట్లోకి పరిగెత్తాను. వదిన స్టవ్ తుడుస్తోంది. క్యారేజీ ఏదని అడిగితే గోడకున్న మేకు వైపు చూసింది. అక్కడ లేదు. స్టవ్ మీద రొట్టెల పెనం ఇంకా వేడిగా ఉంది.

"నేనే కట్టిచ్చిన," అన్నది మెల్లగా. "నాలుగున్నరకు లేసిన, కట్టిన, ఇచ్చిన. ఆయన తీస్కొని పోయొస్తనన్నడు. నేను మంచిదన్న. సుగుణ, ఇద్దరిల ఒక్కలకన్న యాదికి రావొద్దా?"

చెప్పులు వేరే వేరే జతలవి వేసుకుని బయల్దేరింది. మేం పోయేసరికి దానియేలన్న గేటు ఎదుటి చాయ్ హోటల్ బెంచీ మీద బుద్ధిగా కూర్చుని ఉన్నాడు, ఒళ్ళో క్యారేజీ. పక్కన సెలామి గారు. ల్యాంప్ రూం దాకా పోయి, టోపీ లైటు కోసం చెయ్యి చాపాడట అన్న. అక్కడి మనిషి నవ్వబోయేసరికి, "లైటుకు గాదురా, ఆఫీసుల కాయితాల మీద సంతకం పెట్టేదుంది," అని బొంకాడు. ఆఫీసు తెరిచేది పదింటికి. ఇప్పుడు ఇంటికి పోతే అబద్ధం బయటపడుతుంది. పది దాకా కూర్చోక తప్పదు.

"మీ అన్న నాకంటే మంచి నటుడు. వాళ్ళు నమ్మేశారు," అన్నాడు సెలామి గారు.

వదిన మొదట తిట్టింది. తర్వాత తనూ కూర్చుంది, ఒక్కదాన్నే పోతే అడిగినవాళ్ళకు ఏం చెప్పాలని. డ్యూటీకి పోయేవాళ్ళు పోతూ పోతూ, "ఏందక్కా, నువ్వు గూడ సంతకం పెడ్తవా?" అన్నారు. "మీ అందరి హాజరు నేనే ఏస్త, నడువుర్రి," అన్నది. చాయ్‌లు వచ్చాయి. క్యారేజీ విప్పమంటే అన్న వినలేదు. పదింటికి ముందు అన్నం ఎట్లా తింటారని ఆయన అనుమానం. ముప్పై ఆరేళ్ళలో ఎన్నడూ తినలేదు.

పదికి విప్పాడు. జొన్నరొట్టెలు, చిక్కుడుకాయ కూర, పప్పు. నలుగురికీ తలా ఒక ముక్క. రొట్టె అట్టలా బిగిసింది, కూర మీద నూనె పేరుకుంది. వదిన ఒక ముక్క విరిచి నోట్లో పెట్టుకుని నమలడం ఆపేసింది. ఇన్నేళ్ళూ పొయ్యి మీంచి దిగగానే ఉప్పు చూసిన మనిషి. ఆయన తినే వేళకు అది ఎలా ఉంటుందో ఎన్నడూ చూసింది కాదు.

"ఇన్నేండ్లు గిదా నువ్వు తిన్నది?"

దానియేలన్న నోట్లో ముద్ద ఉంది. నింపాదిగా నమిలి మింగాడు.

"లోపట ఉక్కపోస్తది గదనే. గింత సల్లగ గాకపోవు. ఏడిగనే ఉండేది."

వదిన ఆయన ముఖం చూసింది. ఇంకో ముక్క విరుచుకుని, అదే కూరతో తిన్నది. తన వాటా పూర్తిగా తిన్నది.

నేను అనువదించాను. సెలామి గారు పుస్తకం తీయలేదు, పెన్ను తీయలేదు. ఒక్కటే అడిగాడు. "నేను ఆమెనే చూస్తున్నాను. ఆమె అడిగాక ఆయన జవాబివ్వడానికి ఎంతసేపు పట్టింది?"

గడియారం ఎవరు చూశారు? "ఒక ముద్ద," అన్నాను.

ఆయన తల ఊపాడు. కొంచెంసేపటికి, గోదావరి ఒడ్డున వదిలేసిన మాట అందుకున్నట్టు, "ఓపిక లేదన్నది నిజమే," అన్నాడు. నేను ఆయనకు ఇంకో చాయ్ చెప్పాను. ఇది చదివే నా విద్యార్థులు నమ్మరు.

మధ్యాహ్నం బయల్దేరుతుంటే వదిన గుమ్మంలోంచి చెంబుతో వచ్చింది. నీళ్ళు చల్లే సంగతి రాత్రి నేనే చెప్పాను. కారు వెనక చల్లమంటే కారు మీదే పోసింది. కిటికీ దించి ఉన్నందువల్ల సగం నా ఒళ్ళోకి వచ్చింది. సాఫీగానే వచ్చాం, తడిసి.

తిరిగొచ్చాక

మూడు వారాలకు ఫోన్లో ఒక పేజీ వచ్చింది, వచ్చీరాని ఇంగ్లీషులో, నా కోసం రాసింది. నిర్మాత రెండు రోజులు అలిగి ఒప్పుకున్నాడట. గని గేటు ఎదుట బెంచీ. ముసలి మొగుడు, ముసలి పెళ్ళాం, మధ్యలో అన్నం డబ్బా. ఆమె అడుగుతుంది, "ఇన్నేళ్ళూ నువ్వు తిన్నది ఇదా?" మామూలుగా ఇలాంటి చోట "కాసేపు మౌనం" అని రాస్తారట. ఆయన "ఒక ముద్ద" అని రాశాడు. తర్వాత ఆయన మాట: "లోపల వేడిగానే ఉండేది." అంతే. కింద నెర్మిన్ గారి సంగతి రాశాడు. పసుపు చారులో వేసిందట. పేజీ చదివి చాయ్ కోసం లేవలేదట.

మన ఇంటి మాటను సినిమాలో పెడుతుంటే అడగాలి కదా. వదినకు ఫోన్ చేసి తెలుగులో చదివి వినిపించాను. డబ్బాలో ఏం పెట్టిండ్రని ముందు అడిగింది. రొట్టె, వాళ్ళ దేశపు ఊరబెట్టిన కాయలు అన్నాను.

"కాయలు తిని మనిషి ఫస్ట్ షిఫ్ట్ ఎట్ల చేస్తడే? చిక్కుడుకాయ పెట్టుమను." తర్వాత అడిగింది: "గాయిన సావడు గదా?"

"సావడు వదినె."

"సినిమా అయిపోయినంక గూడ?"

"అయిపోయినంక గూడ."

"అయితే సూస్త," అన్నది వదిన.